కొండ ఇచ్చిన జవాబు

మాది కొండవీటి కింద పల్లె. నాన్నకు మైకుసెట్టు ఉండేది. పెళ్లికైనా, శ్రీరామనవమి పందిరికైనా వెదురుగెడకు హారన్ కట్టడం ఆయన పని, రికార్డు మీద ముల్లు దించడం నాది. అవి 1960ల చివరి ఏళ్లు.

హారన్ లోతు శబ్దాన్ని మోయలేదు. డగ్గా మోత పందిరి దగ్గరే ఇంకిపోయేది. వేణువు, వయొలిన్, ఆడగొంతు మాత్రం పత్తిచేలు దాటి కొండదాకా పోయేవి. అలా సగం రాలిపోయినా నిలిచే పాటలు కొన్నే. నాకు వాటిలో మొదటిది 1951లో వచ్చిన 'మల్లీశ్వరి'లోని 'ఆకాశవీధిలో'.

డబ్బు సంపాదించుకు రావడానికి నాయిక మల్లి బావ నాగరాజు ఊరు విడిచి పోతాడు. ఇక్కడ మల్లి, అక్కడ బావ, ఇద్దరూ మబ్బునే కబురు అడుగుతారు. కాళిదాసు కావ్యంలో యక్షుడు ఒక్కడే మబ్బుతో మాట్లాడితే, దేవులపల్లి కృష్ణశాస్త్రి ఇద్దరిచేతా మాట్లాడించారు. భానుమతి, ఘంటసాల ఒకరి తర్వాత ఒకరు పాడతారు. ఆమె అడిగింది అతనికి వినపడదు, అతను అడిగింది ఆమెకు అందదు. వింటున్న మనకే రెండూ తెలుస్తాయి. గుండె పట్టేసేది అక్కడే. ఇద్దరినీ ఒకే చరణంలో కలిపి పాడిస్తే ఎడబాటు ఏముంటుంది? బాణీ సాలూరి రాజేశ్వరరావుది, వాద్యబృందం కూర్పు అద్దేపల్లి రామారావుది. గొంతు ఆగినచోట వాద్యాలు తొందరపడవు. వాళ్లిద్దరి మధ్య దూరం ఎంతో ఆ కాస్త ఖాళీలోనే తెలుస్తుంది.

మా ఊళ్లో ఆ ఖాళీని కొండ నింపేది. ఎదురుగా 340 మీటర్ల దూరంలో రాతిగోడ ఉంటే, పోయిన గొంతు తిరిగి రావడానికి రెండు సెకన్లు. భానుమతి ఆపి ఊపిరి తీసుకునేలోగా ఆమె మాటే సన్నగా వెనక్కి వచ్చేది. బావ పలికాడేమో అనిపించేది నాకు.

ఆ సినిమాలో కనిపించే శ్రీకృష్ణదేవరాయలే 1515లో మా కొండవీటి కోటను గజపతుల నుంచి గెలుచుకున్నాడు. అంతకు నూరేళ్లకు పైగా ముందు ఇక్కడ కుమారగిరి రెడ్డి వసంతోత్సవాలు చేశాడు. అవచి తిప్పయ్య సెట్టి కర్పూరం, కస్తూరి తెప్పించేవాడు. నర్తకి లకుమ ఆడేది. రాజు నాట్యం మీద 'వసంతరాజీయం' రాశాడు. 1957లో సి. నారాయణరెడ్డి 'కర్పూర వసంతరాయలు' కావ్యంతో రాజు, లకుమల జంట మళ్లీ జనం నోట పడింది. కానీ లకుమ ఆడిన పాట ఏ స్వరంలో మొదలైందో చెప్పే రికార్డు లేదు. పుట్టలమ్మ చెరువు గట్టున కూర్చుంటే గాలి తప్ప ఏమీ వినిపించదు. ఆ లోటు నన్ను ఇప్పటికీ కలవరపెడుతుంది.

పాట అయిపోగానే ఇంకో రికార్డు వేయబోతే నాన్న చెయ్యి పట్టుకునేవాడు. "ఆగరా, కొండ ఇంకా పాడతంది."