బన్నులోని పూర్ణం

జ్వరం వచ్చిన ఇంట బన్ను కనిపించడం మన చిత్తూరు, తిరుపతి ప్రాంతాలలో పాత ఆచారం. రోగిని చూడడానికి వచ్చే బంధువు కాగితపు పొట్లంలో రెండు బన్నులు తెచ్చేవాడు. వాటిని వేడి పాలలో ముంచి తినిపించేవారు. ఈ ఆచారానికి మా వైద్యులమూ కొంత కారకులమే. 1948లో క్లోరాంఫెనికాల్ వాడుకలోకి రాకముందు టైఫాయిడ్ అంటే పేగుకు చిల్లు పడుతుందన్న భయం ఉండేది. పీచు లేని మెత్తటి ఆహారమే ఇవ్వాలన్నది ఆనాటి నియమం. మందు వచ్చినా ఆ మాట మిగిలిపోయింది. నేనూ ఎన్నో ఏళ్లు ఆలోచించకుండానే "బన్నో బ్రెడ్డో ఇవ్వండి, తేలిగ్గా అరుగుతుంది" అని చెబుతూ వచ్చాను.

ఆ మాట ఎంత దూరం పోయిందో నాకు ఆలస్యంగా తెలిసింది. మధుమేహం ఉన్న ఒక పెద్దాయన, చెరకు రైతు, రాత్రిపూట అన్నం మానేశానని గర్వంగా చెప్పేవారు. అయినా రక్తంలో చక్కెర దిగలేదు. గుచ్చి గుచ్చి అడిగితే బయటపడింది: అన్నానికి బదులు రోజూ రెండు తీపి బన్నులు తింటున్నారు. "తేలిక అని మీరే చెప్పినారు గదా సారూ" అన్నారు. నా దగ్గర జవాబు లేదు. ఈ బన్ను అసలు ఎక్కడిది, ఎలా మారి మన దాకా వచ్చింది అని చదవడం మొదలుపెట్టింది ఆనాటి నుంచే.

తీపి బన్ను అనగానే మనకు ఇంగ్లీషు దొరలు గుర్తుకు వస్తారు. కానీ పులిసిన గోధుమపిండి ముద్దలో పూర్ణం పెట్టే విద్యలో చైనా వారిది చాలా పాత చేయి. క్రీ.శ. 300 ప్రాంతంలో శూ షీ అనే కవి పిండివంటల మీద రాసిన రచనలోనే మాంటౌ పేరు ఉంది. నది దాటడానికి మనుషుల తలలు బలి ఇవ్వాల్సి వస్తే, ఝూగ లియాంగ్ అనే సేనాని వాటికి బదులు పిండితో తలల ఆకారాలు చేయించాడనీ, మాంటౌ అలా పుట్టిందనీ తరువాతి కాలపు గాథ ఒకటి చెబుతుంది. మనం గుమ్మడికాయ కొట్టడం గుర్తుకు రావడం లేదూ? ఒకటి మాత్రం గమనించండి. అసలైన చైనా బన్ను కాల్చేది కాదు, ఆవిరి మీద ఉడికించేది. లోపల చిన్న ఎర్ర చిక్కుడు జాతి గింజలను ఉడికించి, మెదిపి, తీపి కలిపి పెడతారు. మన పూర్ణం కుడుముకు అది దాయాదే.

ఆ తీపిలో మన దేశపు వాటా కూడా ఉంది. హ్యూయెన్ త్సాంగ్ ఏడవ శతాబ్దంలో ధాన్యకటకం చూసి, దక్షిణంగా కంచి వైపు సాగిన యాత్రికుడని మీరు బడిలో చదివే ఉంటారు. ఆయన 645లో స్వదేశం చేరాడు. రెండేళ్లకు, 647లో, తాంగ్ చక్రవర్తి తాయ్‌జోంగ్ చెరకు రసం కాచే పద్ధతి నేర్చుకు రమ్మని మగధకు మనుషులను పంపాడని చైనా చరిత్ర గ్రంథాలు చెబుతున్నాయి. చిత్తూరు పల్లెలలో గానుగ పక్కన పొయ్యి మీద రసం కాగుతుంటే వచ్చే వాసన తెలిసినవారికి, ఆ చక్రవర్తి ఎందుకు ఆశపడ్డాడో వేరే చెప్పనక్కరలేదు.

బన్ను ఆవిరి పాత్రలోంచి ఓవెన్‌లోకి మారింది పాశ్చాత్యుల రాకతోనే. జపాన్‌లో కిమురా యాసుబెయ్ 1874లో రొట్టె పిండిలో గింజల పూర్ణం పెట్టి కాల్చి 'అన్‌పాన్' చేశాడు. హాంకాంగ్ బేకరీలు మరికొన్ని రకాలు సృష్టించాయి. అక్కడ 'అనాసపండు బన్ను' అనేదానిలో అనాస ఉండదు. పైపొర అలా పగిలి కనిపిస్తుందంతే. 1950లలో, అమ్ముడుపోని బన్నులను పారేయలేక నలిపి, చక్కెర, కొబ్బరి కలిపి కొత్త బన్నులలో కూరి అమ్మారట. అదే నేటి 'కాక్‌టెయిల్ బన్ను'.

కొబ్బరి బన్ను! పలమనేరు, మదనపల్లె, చిత్తూరు బేకరీలలో అద్దాల వెనుక ఎన్నిసార్లు చూశామో కదా. మనకది హాంకాంగ్ నుంచి రాలేదు, బెంగళూరు నుంచి వచ్చింది. 1898లో హెచ్.ఎస్. తిరుమలాచార్ అక్కడ బెంగళూరు బ్రదర్స్ బేకరీ ప్రారంభించారు. గుడ్డు తగలని ఆ అయ్యంగారి బేకరీల వరస క్రమంగా చుట్టుపక్కల ఊళ్లకు పాకింది. రెండు నగరాలలో, ఒకదానితో ఒకటి సంబంధం లేకుండా, బన్నులోకి కొబ్బరి, చక్కెర చేరాయి. నాలుక ఎక్కడైనా నాలుకే.

చెడు జరిగింది అంగడి బన్నులో. పీచు తీసేసిన మైదా, వనస్పతి, ధారాళంగా చక్కెర. పైగా పిండి బాగా పొంగడానికి వాడిన పొటాషియం బ్రోమేట్ క్యాన్సర్ కారకం కావచ్చునని 1999లోనే అంతర్జాతీయ క్యాన్సర్ పరిశోధన సంస్థ వర్గీకరించింది. మన దేశంలో దానిని నిషేధించింది 2016లో. నూనెలు, కొవ్వులలో ట్రాన్స్‌ఫ్యాట్ రెండు శాతం మించరాదన్న నియమం 2022 జనవరి నుంచి మాత్రమే అమలైంది. అంతకుముందు తిన్నవాళ్లం తిన్నాం.

కాబట్టి ఇంట్లో చేసుకోవడం మేలు. చైనా ఇళ్లలో నేడు వాడే ఒక కిటుకు నాకు ఎంతో నచ్చింది: 20 గ్రాముల పిండిని 100 మిల్లీలీటర్ల నీటిలో గంజిలా చిక్కబడే దాకా కాచి చల్లార్చడం. సుమారు 65 డిగ్రీల దగ్గర పిండిపదార్థం ఉబ్బి నీటిని పట్టి ఉంచుతుంది. ఏ రసాయనమూ లేకుండానే బన్ను రెండు రోజులు మెత్తగా ఉంటుంది. 250 గ్రాముల పిండి తీసుకోండి, సగం గోధుమపిండి, సగం మైదా. అందులో ఈ గంజి, 5 గ్రాముల ఈస్టు, రెండు చెంచాల చక్కెర, చిటికెడు ఉప్పు, కొంచెం నూనె వేసి, సుమారు 100 మిల్లీలీటర్ల గోరువెచ్చని పాలు కొద్దికొద్దిగా పోస్తూ బాగా పిసకండి. రెట్టింపు అయ్యేదాకా మూతపెట్టి ఉంచండి. మన ఎండలకు గంట చాలు. పూర్ణానికి చైనా గింజలు వెతకనక్కరలేదు. మన అలసందలు అదే విగ్నా ప్రజాతికి చెందినవి. 100 గ్రాములు ఉడికించి, మెదిపి, 60 గ్రాముల బెల్లంతో దగ్గరపడేదాకా కలియబెట్టండి. ఎనిమిది ఉండలు చేసి, పూర్ణం పెట్టి మూసి, మరో అరగంట పొంగనిచ్చి, 180 డిగ్రీల వద్ద సుమారు ఇరవై నిమిషాలు కాల్చండి. ఓవెన్ లేకపోతే ఇడ్లీ పాత్రలో ఆవిరికి పెట్టండి. అసలు సంప్రదాయం అదే.

బెల్లం వేశాం కనుక మధుమేహులకు పరవాలేదని ఎవరైనా అంటే నమ్మకండి. వంద గ్రాముల బెల్లంలో ఇంచుమించు 85 గ్రాములు చక్కెరే. నా లెక్కన ఈ బన్ను ఒక్కోదానిలో సుమారు 40 గ్రాముల పిండిపదార్థాలు ఉంటాయి. మా చెరకు రైతుకు ఈ లెక్క కాగితం మీద వేసి చూపించాను. పండుగనాడు సగం బన్ను, ఆ పూట అన్నంలో అంతమేరకు కోత అని ఒప్పందం చేసుకున్నాం. మిగిలిన సగం ఎవరికి అని అడిగారాయన. మనవరాలికి ఇమ్మన్నాను.