బుధవారం పుట్టినోడు బుధు



మొన్న మా హాస్టల్‌లో ఇంటర్ ఫస్టియర్ తమ్ముడు ఒకడు మా రూముకి వచ్చి, పేరు మార్చుకోవాలంటే అప్లికేషన్ ఎట్లా రాయాలన్నా అని అడిగాడు. వాడి పేరు బుధు. క్లాసులో హాజరు పిలిచిన ప్రతిసారీ వెనక బెంచీల నుంచి నవ్వులు. హిందీ సినిమాలు చూసేవాళ్లకి బుద్ధూ అంటే తెలివితక్కువోడు కదా. పదో తరగతి మెమోలో కూడా అదే పడింది కాబట్టి ఇప్పుడు గెజిట్ దాకా పోవాలి. అప్లికేషన్ రాసివ్వడం మాకు పెద్ద పనేం కాదు. మాలో ఇద్దరం ఒకప్పుడు మా కోసం రాసుకుని, మళ్లీ చింపేసినవాళ్లమే. అయితే వాడికి రాసిచ్చే ముందు ఈ పేర్ల సంగతేంటో చూద్దామని కూర్చున్నాం. చూసింది ఇక్కడ పెడుతున్నాం.

మన కోయ, గోండు ఊళ్లల్లో పిల్ల పుట్టిన వారమే పేరు కావడం మీకు తెలిసిందే. ఐతారం పుడితే ఐతు, ఆడపిల్లయితే ఐతె. సోమారం అయితే సోమడు, సోమి. మంగళారం మంగు, మంగ్లి. బుధవారం బుధు, బుద్రి. లక్ష్మివారం లచ్చు. శుక్రవారం సుక్కు, సుక్రి. గోదావరి దాటి బస్తర్ వైపు పోయినా ఇవే పేర్లు యాస మారి వినిపిస్తాయి. ఒకే ఊళ్లో నలుగురు సోమయ్యలుంటే పెద్ద సోమడు, చిన్న సోమడు, చెరువుకాడి సోమడు అంటారు, ఎవరూ తికమక పడరు. తికమకంతా రిజిస్టరు వచ్చాక మొదలైంది.

ఒక సంగతి మాత్రం ఒప్పుకోవాలి. ఐతారం అంటే ఆదిత్యవారం, మిగతావి కూడా గ్రహాల పేర్లే. వారం లెక్క మన అడవిలో పుట్టింది కాదు. మధ్యప్రదేశ్‌లోని ఏరణ్ దగ్గర బుధగుప్తుని కాలపు స్తంభం మీద, క్రీ.శ. 484 నాటి శాసనంలో గురువారం అని ఉంది. మన దేశంలో వారం పేరుతో దొరికిన తొలి శాసనాల్లో అదొకటి. మన ఊళ్లకి వారం సంతతో పాటే వచ్చి ఉంటుందని మా ఊహ. ఇప్పటికీ మన అవ్వలు తేదీ చెప్పరు, ఏ సంత రోజో చెప్తారు. అందుకే "స్వచ్ఛమైన ఆదివాసీ పేరు" అని మనలో మనం వాదించుకున్నప్పుడు కొంచెం ఆగాలి. మాట బయటిదే అయినా, దాన్ని బిడ్డకి పెట్టుకుని పిలుచుకున్న పద్ధతి మనది.

ఇప్పుడు బిర్సా ముండా. ముండాలలో కూడా ఇదే ఆచారం. గురువారం పుట్టాడు కాబట్టి బిర్సా అన్నారు. మిషన్ వాళ్లు డేవిడ్ అని ఇంకో పేరు పెట్టారు, అది నిలవలేదు. ఆయన జయంతి మనం నవంబరు 15న చేస్తాం, పుట్టిన సంవత్సరం 1875 అంటాం. మేము లెక్క వేసి చూశాం. 1875 నవంబరు 15 సోమవారం! తప్పు వేశామేమో అని ఫోన్ క్యాలెండర్‌లో కూడా చూశాం, సోమవారమే. అంటే కాగితం ఒకటి చెప్తోంది, పేరు ఇంకొకటి చెప్తోంది. జయంతి మార్చాలని మేము అనడం లేదు. కానీ ఆ రెండింట్లో ఏది నమ్మాలంటే మాకైతే పేరే ముందు, ఎందుకంటే దాన్ని పెట్టినవాళ్లు ఆ రోజు అక్కడే ఉన్నారు.

ఆఫ్రికాలో ఘనా దేశపు అకాన్ ప్రజలదీ అచ్చం ఇదే పద్ధతి. శుక్రవారం పుట్టిన మగపిల్లాడు కోఫీ, ఐక్యరాజ్యసమితి ప్రధాన కార్యదర్శిగా చేసిన కోఫీ అన్నన్ అట్లా కోఫీ అయ్యాడు. అంటే మన సుక్కు! శనివారం పుడితే క్వామె. ఘనాకి స్వాతంత్ర్యం తెచ్చిన క్వామె ఎన్‌క్రుమా పుట్టినరోజు కాగితాల్లో 1909 సెప్టెంబరు 21 అని ఉంది, అది మంగళవారం. ఆయన తన ఆత్మకథలో ఈ చిక్కు గురించే రాసుకున్నాడు. పేరు ప్రకారం శనివారం కావాలి కాబట్టి, 18వ తేదీ అయి ఉంటుందని లెక్క తేల్చుకున్నాడు. ఇంకో ముచ్చట. అక్కడ గురువారం ఆడపిల్ల యా. 1900లో అసాంతె ప్రజల ముందు నిలబడి బ్రిటిష్ వాళ్ల మీద యుద్ధం నడిపిన యా అసాంతెవా గురువారం బిడ్డ. అదే 1900 జూన్ 9న ఇంకో గురువారం బిడ్డ రాంచీ జైల్లో చనిపోయాడు. ఇద్దరికీ ఒకరి సంగతి ఒకరికి తెలిసే వీలు లేదు.

ఈ పేర్లు ఓడల్లో బానిసలతో పాటు జమైకాకి కూడా పోయాయి. సోమవారం పేరున్న కుడ్జో, తోటల నుంచి పారిపోయి కొండల్లో బతికిన మరూన్లకి నాయకుడై బ్రిటిష్ సైన్యాన్ని ఏళ్ల తరబడి ఆపాడు, 1739లో వాళ్లే వచ్చి ఒప్పందం చేసుకున్నారు. (ఇకమీద పారిపోయి వచ్చేవాళ్లని పట్టి అప్పగించాలని అందులో షరతు ఉంది. అది చదివి మనసు చివుక్కుమంది.) ఆదివారం పేరు క్వాషీ మాత్రం తోటల యజమానుల నోట్లో పడి, మొద్దు అనే తిట్టుగా మారింది. పేరులో ఏ తప్పూ లేదు. పిలిచినవాడు మారాడు, అర్థం మారిపోయింది. ఇది చదివినప్పుడు మేము బుధు వైపు చూశాం. వాడు ఏమీ అనలేదు.

కాసేపటికి వాడే మెమో తీశాడు. పుట్టిన తేదీ 10 జూన్ 2008. మా రూములో నలుగురం ఉంటే ముగ్గురివి జూన్ తేదీలే, బడిలో చేర్చిన రోజు ఎవరో వేసినవి. 2008 జూన్ 10 మంగళవారం. "అయితే నేను మంగుని అన్నమాట" అని మొదటిసారి నవ్వాడు.

రాత్రి వాళ్ల అవ్వకి ఫోన్ చేశాడు. స్పీకర్‌లో పెట్టాడు. జూన్ ఏంట్రా, ఇప్పపువ్వు ఏరుకుని వచ్చాక పుట్టావు, ఆ ఏడాది భద్రాద్రి రాములోరి కళ్యాణం అయిన తర్వాతి బుధవారం, మీ తాత సంతకి పోయి ఉన్నాడు అంది. మేము వెతికాం. 16 ఏప్రిల్ 2008. నిజంగా బుధవారమే.

అప్లికేషన్ ఇంకా రాయలేదు. తెల్లకాగితం వాడి రేకు పెట్టెలోనే ఉంది, రాయమంటే ఇప్పటికీ రాసిస్తాం. ఏప్రిల్ 16న మాత్రం రూములో కేకు కోయాలని అనుకుంటున్నాం.