తీరసౌధములు – వాటి వెనుకటి నేల

సీపత్‌కు సముద్రము లేదు. ఛత్తీస్‌గఢ్‌లో బిలాస్‌పూరు చేరువనున్న ఆ యూరిని నేడు పదిమందికి తెలిపినది 2,980 మెగావాట్ల బొగ్గు విద్యుత్కేంద్రము. అంతకు చాల ముందే ఆ ప్రాంతమును తెలుగువారికి పరిచయము చేసినది రైలు. 1887లో ఏర్పడిన బెంగాల్ నాగపూర్ రైల్వే కంపెనీ నాగపూరు నుండి బిలాస్‌పూరు మీదుగా ఆసన్‌సోలు వరకు వేసిన మార్గము 1891లో పూర్తియైనది. వాల్తేరుకు ఉత్తరముగా పోవు తీరమార్గము కూడ ఇరవయ్యవ శతాబ్ది ఆరంభముననే ఆ కంపెనీ చేతికి వచ్చినది. రెండు చోట్లను యజమాని ఒకడే కావుటచేత శ్రీకాకుళము, విశాఖపట్నము సీమల తెలుగు కుటుంబములు ఖరగ్‌పూరునకు పోయినట్లే బిలాస్‌పూరు రైల్వే కాలనీలకును పోయి స్థిరపడినవి. సెలవులు వచ్చినచో వారికి పుట్టినయూరును సముద్రమును ఒకే దిక్కున ఉండెడివి.

ఆ దిక్కునకు నేడును ఒక దారి కలదు. కోర్బాలో బయలుదేరిన రైలు బిలాస్‌పూరు, రాయపూరు దాటి టిట్లాగఢ్ వద్ద దక్షిణమునకు మరలి, రాయగడ, పార్వతీపురము, బొబ్బిలి, విజయనగరముల మీదుగా విశాఖపట్నము చేరును. రాయపూరు–విజయనగరము మార్గము 1931లో పూర్తియైనది. మధ్య పరగణాల సరకును, ముఖ్యముగా మాంగనీసు ఖనిజమును, క్రొత్తగా కట్టుచున్న విశాఖపట్నపు రేవునకు చేర్చుట దాని ప్రధానోద్దేశము. రేవు 1933 డిసెంబరులో లాంఛనముగా ప్రారంభమైనది. ఖనిజము కొరకు వేసిన ఆ దారిన యాత్రికులును పోవుచున్నారు. రాయగడ జయపూరు సంస్థానపు నేల. పార్వతీపురమునకు చేరువనే కురుపాము. తరువాత బొబ్బిలి, ఆ తరువాత విజయనగరము. సముద్రపుటొడ్డున తాను చూడబోవు మేడలకును దానకట్టడములకును సొమ్ము సమకూర్చిన భూములను ఈ బండిలో వచ్చు ప్రయాణికుడు ఒక్కొక్కటిగా దాటివచ్చుచున్నాడు. ఆ సంగతి అతనికి ఎవరును చెప్పరు. గైడు కథ బీచిరోడ్డుమీదనే మొదలగును.

ఆ కథ తరచుగా ఇట్లు సాగును. తూర్పిండియా కంపెనీ వర్తకస్థానము 1682లో ఇచట వెలసినది. తెల్లదొరలు పాతపట్టణపు ఇరుకును విడిచి వాల్తేరు మిట్టలకు నివాసము మార్చుకొన్నారు. 1883లో వారికొక క్లబ్బు ఏర్పడినది. వారి వెనుక జమీందారులు వచ్చినారు. పాతపట్టణమున బొబ్బిలి రాజావారి దానమున వెలసిన టౌన్‌హాలును, కురుపాము పేర మార్కెట్టును చూపుదురు. ఒడ్డున డచ్చి బంగళా అని పేరుపడిన కట్టడమును చూపుదురు. 1991 నుండి అది ప్రదర్శనశాలగా ఉన్నది. సంస్థానముల ఆయుధములు, పింగాణి, పట్టుబట్టలు, చిత్తరువులు అందు కలవు. (డచ్చివారి అసలు స్థావరము భీమునిపట్నము. 1825లో అది ఆంగ్లేయుల వశమైనది. అచటి వారి శ్మశానవాటికను చూచినవారికి ఈ తీరముమీద డచ్చి అను పేరు ఎంత బరువైనదో తెలియును.) పిమ్మట హవామహలు. రాజావారు గాలికొరకు కట్టించినారు అని ఒక మాట. దానితో నడక ముగియును.

గాలికొరకు కట్టించినమాట నిజమే. అయితే కొండలమధ్య కావలసినంత గాలి గల రాజునకు సముద్రపుగాలి ఎందుకు కావలసి వచ్చినదను ప్రశ్నకు సమాధానము శిల్పశాస్త్రములో దొరకదు, పరిపాలనాచరిత్రలో దొరకును. 1802 ప్రాంతమున శాశ్వత పైసలా అమలైన తరువాత ఈ మండలపు జమీందారులకు కోట ఒకచోటను పని మరొకచోటను ఏర్పడినవి. పేష్కషు చెల్లింపునకును, వారసత్వ వ్యాజ్యములకును, కలెక్టరు దర్శనమునకును జిల్లా కేంద్రమునకు రాక తప్పదు. వచ్చినవారు దొరల ఇరుగుపొరుగున దిగవలెను. మన్యపు జ్వరములకు దూరముగా పిల్లలను పెంచవలెను. ఇన్ని అక్కరలు కూడి మేడలైనవి. గాలి అందులో ఒక భాగము.

జయపూరు విషయము ఇందుకు మంచి నిదర్శనము. నేటి కొరాపుట్టు ప్రాంతమంతయు వ్యాపించి, పదివేల చదరపు మైళ్ళకు పైబడిన ఆ సంస్థానము 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా రాష్ట్రము ఏర్పడువరకు మద్రాసు రాజధానిలో, విశాఖపట్నము జిల్లాలో భాగము. అనగా హవామహలు పరాయిరాజు విడిది కాదు. 1917, 1923 సంవత్సరముల మధ్య అది లేచినప్పుడు జయపూరు ప్రభువు ఈ జిల్లా జమీందారులలో ఒకడు. సరిహద్దు తరువాత వచ్చినది. ఆస్తి ఒక రాష్ట్రమునకును మేడ మరొక రాష్ట్రమునకును చెందినవి.

ఆ సంస్థానమునకు 1803లో నిర్ణయించిన వార్షిక పేష్కషు 16,000 రూపాయలు. అంత విశాలమైన నేలకు ఆ మొత్తము ఎంత స్వల్పమో లెక్కలు రానివారికి సైతము తెలియును. కొండలలోనికి సేన నడపుట కంపెనీకి ఖర్చు, జ్వరభయము; అందుచేత తక్కువకు ఒప్పుకొన్నది. శతాబ్దము గడచి, అడవికి కలపగా వెల వచ్చి, సాగు పెరిగి, రాబడి హెచ్చిన కొలది మిగులు దివాణమునకు చేరినది. ఆ రాబడి క్రిందినుండి ఎట్లు వచ్చినదను దానికి కూడ చరిత్ర ఉన్నది. గ్రామములను ముస్తాజరులకు గుత్తకిచ్చుట, వెట్టి, వీటికి తోడు గోతి. ఒకడు పెండ్లికో జుర్మానాకో కొద్దిపాటి అప్పు తీసికొని, తీరువరకు ఋణదాత ఇంట చాకిరి చేయుటకు ఒప్పుకొనును. అప్పు తీరదు, కొడుకు కూడ అందులోనికి దిగును. గోతి పెట్టుకొన్నవారు ఎక్కువగా సాహుకార్లే కాని రాజు స్వయముగా కాదని కొందరందురు. అది సరియే. కాని ఆ కొండలలో డబ్బు రూపమున శిస్తును జుర్మానాను అడిగిన వ్యవస్థ లేనిచో సాహుకారు గుమ్మమునకు ఎవడును పోయియుండడు. ఒరిస్సాలో 1948 నాటి శాసనము ఈ దాస్యమును రద్దుచేసినది.

ఇంతవరకు చెప్పి ఆగినచో మేడను నిందించుట సులభము. కాని తెలుగు రచయితలకు ఆ సులభమార్గము లేదు. 1931లో, అరువది దాటిన వయస్సున, జయపూరు గద్దె నెక్కిన విక్రమదేవవర్మ సంస్కృతాంధ్రోత్కళములు నేర్చిన పండితుడు, కవులకు ఆశ్రయుడు. 1926లో బెజవాడలో పుట్టి 1930లో వాల్తేరునకు తరలివచ్చిన ఆంధ్ర విశ్వకళాపరిషత్తునకు ఆయన ఏటా లక్షరూపాయల దానము ఏర్పాటుచేసినాడు. విజ్ఞాన, సాంకేతిక కళాశాల ఆయన పేర వెలసినది. సర్కారుకు 1803లో ఏర్పడిన పేష్కషుకు ఆరు రెట్లకు మించిన మొత్తము చదువునకు ముట్టినది. ఆ ప్రయోగశాలలలో నేర్చినవారు, ఆ గ్రంథాలయమున చదివినవారు, ఆ తెలుగు శాఖ నుండి వెలువడిన విమర్శకులు కొరాపుట్టు కొండవానికి ఋణపడినవారే. అతని పేరు ఏ శిలాఫలకము మీదను లేదు.

1933 డిసెంబరులో రవీంద్రనాథ ఠాకూరు ఆ విశ్వకళాపరిషత్తులోనే ‘మనిషి’ అను విషయముపై ఉపన్యసించినాడు. ఆ ఉపన్యాసములను విశ్వవిద్యాలయము 1937లో ప్రచురించినది. అప్పటికి పదిహేనేండ్లకు పూర్వమే, 1918 నాటి ‘పలాతక’ సంపుటిలో, ఆయన బిలాస్‌పూరు స్టేషనును కవితకు రంగముగా చేసికొన్నాడు. ‘ఫాంకి’ అను ఆ కవితలో జబ్బుపడిన భార్యతో గాలిమార్పునకు పోవు భర్త బిలాస్‌పూరులో బండి మారవలసి వచ్చును. విశ్రాంతి గదిలో ఆమెకు రుక్మిణి అను పేదరాలు తటస్థించును. కూతురి పెండ్లికి రుక్మిణికి ఇరువదియైదు రూపాయలు కావలెను. ఇమ్మని భార్య కోరును. భర్త చాటుకు పిలిచి రెండు రూపాయలు చేతిలో పెట్టి పంపివేసి, ఇచ్చితినని చెప్పును. భార్య గతించిన తరువాత ఆ మోసము మనసున మెదలగా అతడు బిలాస్‌పూరునకు తిరిగివచ్చి రుక్మిణికై వెదకును. ఆమె ఎచటికి పోయినదో చెప్పగలవారు లేరు.

గాలిమార్పునకు సముద్రతీరమునకు పోవు ప్రతి ప్రయాణములోను మధ్య స్టేషనులో ఇట్టి రుక్మిణి ఒకతె ఉండును. రైల్వేవారు మాత్రము ప్రయాణపు చివరను చూచినారు. బెంగాల్ నాగపూర్ కంపెనీ 1925లో పూరీ ఒడ్డున హోటలు తెరచి, కలకత్తా దొరలకు సముద్రస్నానమును ఒక అలవాటుగా చేసినది. ఆ హోటలుకు వచ్చిన లాభములో బిలాస్‌పూరు కూలి పాలెంతో కంపెనీ లెక్కలు విడదీసి చూపవు.

సముద్రతీర భవనములను చూపుటయందు లోకమున మిక్కిలి పేరుపొందిన ఊరు అమెరికాలోని న్యూపోర్టు. అచట కోటీశ్వరులు తమ భవంతులను వినయముగా ‘కుటీరము’లనిరి. 1895లో పూర్తియైన ‘బ్రేకర్స్’ అను కుటీరమునకు గదులు డెబ్బది. కట్టించిన వాండర్‌బిల్టుల సొమ్ము రైలుమార్గముల సొమ్ము. 1945లో పుట్టిన పరిరక్షణ సంఘము ఆ యిండ్లను క్రమముగా తన చేతికి తెచ్చుకొని, రుసుము పుచ్చుకొని చూపుచున్నది. వీటిలో ‘ఎల్మ్స్’ అను భవనము 1901లో బొగ్గు వ్యాపారి బెర్విండు కట్టించినది. 1962లో పడగొట్టుటకు సిద్ధమైనప్పుడు సంఘమువారు దానిని కాపాడినారు. అందు నాట్యశాలను, భోజనశాలను చూపు సామాన్యపు దర్శనమే కాక మరొకటి ఉన్నది. అది నౌకర్ల మెట్లవెంట ఎక్కి, పైకప్పు మాటున వారు పండుకొన్న గదులను చూపి, నేలమాళిగలోనికి దిగి, బాయిలర్లను, వీధినుండి బొగ్గును బండ్లలో లోనికి తెచ్చిన సొరంగమును చూపును. ఇంటియజమాని బొగ్గుచేత ధనికుడు. ఆ బొగ్గు ఇంటిలోనికి ఏ దారిన వచ్చినదో యాత్రికుడు కంటితో చూచును. ఇండ్లను చూపు విద్యలో ఇంతకు మించినది అరుదు. సీపత్ వంటి బొగ్గుసీమలో బ్రతుకువానికి ఆ సొరంగమే అన్నిటికంటె తేలికగా అర్థమగును.

విశాఖపట్నమున అట్టి సొరంగము లేదు. ఉన్న సాక్ష్యమును సైతము కాలము మిగుల్చుట లేదు. 1942 ఏప్రిల్ 6న జపానువారి బాంబులు పడినప్పుడు ఊరు ఖాళీయైనది. విశ్వవిద్యాలయము గుంటూరునకు తరలినది. ఆ యలజడికంటె నష్టము మెల్లగా జరిగినది. 1948 నాటి మద్రాసు ఎస్టేట్ల రద్దు చట్టముతో రాబడి ఆగిన ఇండ్లు వారసుల మధ్య చీలినవి, అమ్ముడుపోయినవి, స్థలములుగా మారినవి. కిర్లంపూడి లేఅవుటు, ప్యాలెస్ లేఅవుటు అను పేర్లు చిరునామాలలో నిలిచినవి. హవామహలు నిలిచియున్నది గాని నిత్యము తలుపు తెరచియుండు ప్రదర్శనశాల కాదు.

డాబాగార్డెన్సు అను పేరును నగరవాసులు రోజునకు నూరుసార్లు పలుకుదురు. ఆ పేరు వెనుక గోడే వెంకట జగ్గారావు 1840 ప్రాంతమున తన తోటలో నెలకొల్పిన నక్షత్రశాల ఉన్నదని ఎరిగినవారు కొద్దిమంది. మద్రాసు నక్షత్రశాలలో టేలరు వద్ద శిష్యరికము చేసిన ఈ జమీందారు, ఓడలవారు గడియారములు సరిచూచుకొనుటకు డాల్ఫిన్స్ నోస్ కొండపై జెండాకొయ్య నెత్తించినాడు. అల్లుడు అంకితము వెంకట నరసింగరావు ఆ పనిని కొనసాగించి 1874 డిసెంబరులో సూర్యబింబముపై శుక్రుని సంక్రమణమును పరిశీలించినాడు. ఆయన పేరిటి కళాశాలలోనే తరువాత శ్రీశ్రీ కొంతకాలము డిమాన్‌స్ట్రేటరుగా పనిచేసినాడు. ఇంత చరిత్ర గల తోటను నడకలో ఎవరును చూపకుండుట గైడు తప్పు కాదు. అతనికి అరగంట వ్యవధి, ఒక కరపత్రము. ఆ కరపత్రమున ఏమున్నదో అదియే అతడు చెప్పగలడు. దానిని వ్రాయవలసినవారు వ్రాయలేదు.

కొండలవైపు మాత్రము వ్రాసినవాడు ఒకడున్నాడు. కొరాపుట్టు ప్రాంతమున ఉద్యోగము చేసిన ఒడియా నవలాకారుడు గోపీనాథ మహంతి 1945లో ప్రకటించిన ‘పరజ’ నవలలో సుక్రుజాని అను గిరిజనుడు అటవీశాఖవారి జుర్మానా కట్టుటకై అప్పుచేసి, కొడుకుతో సహా సాహుకారునకు గోతియై, నేలను ఇంటిని కోల్పోవును. అదే రచయిత ‘అమృతర సంతాన’ నవల 1955లో సాహిత్య అకాడమీ మొట్టమొదటి ఒడియా పురస్కారమును పొందినది. కొంధుల బ్రతుకు కథయైన ఆ నవలను తెలుగునకు తెచ్చినవాడు పురిపండా అప్పలస్వామి. ఆయన విశాఖపట్నవాసి, హవామహలు ఉన్న ఊరిలోనే కాపురమున్నవాడు.