బ్రహ్మచారుల చేతిలో పసిపాప

“బ్రహ్మచారీ శతమర్కటః” అని మన పెద్దలు పరిహాసముగా ననుచుందురు. ఒక్క బ్రహ్మచారి నూఱు కోతుల పెట్టు. అట్టివాని యొడిలో హఠాత్తుగా నొక పసికందును పడవేసినచో నేమగును? ఈ చిన్న ప్రశ్ననుండి పాశ్చాత్యదేశములలో ఎన్నియో కథలును చలనచిత్రములును పుట్టినవి. వాని చరిత్రమును ఒకమాఱు పరిశీలింపవలెనని మా యభిలాష. ఏలయన, ఆ నవ్వులో మన యిండ్లకు సంబంధించిన విషయ మొకటి దాగియున్నది.

పురుషుడు పరశిశువును పెంచుట మన యితిహాసములకు క్రొత్త గాదు. మాలినీతీరమున పక్షులు కాపాడుచుండిన బిడ్డను కణ్వమహర్షి తెచ్చి, శకుంతల యని పేరిడి పెంచెను. కాని యా బిడ్డకు పాలెవరు పట్టిరో, నడిరేయి ఏడ్చినపు డెవరు జోకొట్టిరో ఇతిహాసము వివరింపలేదు. అది వదలివేసిన యా పనులను చెప్పబూనుటతోనే హాస్యకథ మొదలగును.

1861వ సంవత్సరమున ఆంగ్లరచయిత్రి మేరీ ఆన్ ఎవాన్స్, జార్జి ఎలియట్ అను పురుషనామముతో, “సైలస్ మార్నర్” అను నవలను ప్రకటించెను. సైలస్ ఒంటరి సాలెవాడు. కూడబెట్టిన బంగారము దొంగపాలయ్యెను. పిమ్మట నొక మంచురాత్రి, తల్లిని కోల్పోయిన చిన్నపిల్ల తప్పటడుగులతో అతని గుడిసెలోనికి వచ్చెను. తాను నేయుచుండగా పిల్ల యెటుపోవునో యని భయపడి యతడు ఆమెను గుడ్డపట్టీతో మగ్గమునకు కట్టెను. అల్లరి మాన్పుటకై బొగ్గుల కొట్టులో నుంచగా, ఆ పిల్ల దాని నాటగా నెంచి, మరల తానే అందులో దూరెను! అయినను పొరుగింటి డాలీ విన్‌త్రప్ సాయము చేయవచ్చినపుడు, ఆ పనులన్నియు తానే నేర్చుకొందునని సైలస్ పట్టుబట్టెను. శిశుపోషణము నేర్చుకొనదగిన విద్యయేగాని స్త్రీలకు మాత్రమే దేవుడిచ్చిన వరము గాదని యిచ్చట తేటపడుచున్నది.

ఈ కథావస్తువు చలనచిత్రములకును ప్రీతిపాత్రమైనది. 1921లో చార్లీ చాప్లిన్ నిర్మించిన “ది కిడ్” అను చిత్రమున, దిక్కులేని శిశువును చేరదీసిన దేశదిమ్మరి కాఫీపాత్రను త్రాటితో వ్రేలాడగట్టి పాలసీసాగా మార్చును. కుర్చీ నడుమ రంధ్రము కోసి బిడ్డకు మలవిసర్జనపీఠము నమర్చును. 1913లో అమెరికా రచయిత పీటర్ కైన్ ప్రకటించిన మఱొక కథలో, బ్యాంకు దోపిడిగాండ్రు ముగ్గురు ఎడారిలో మరణించు తల్లికి మాటయిచ్చి శిశువును కాపాడబూనుదురు. దర్శకుడు జాన్ ఫోర్డ్ ఈ కథను 1919లో నొకసారి, 1948లో నొకసారి చిత్రముగా తీసెను. రెండవదానిలో ఆ మొరటువారు వైద్యగ్రంథమును చదివి, బిడ్డ యొంటికి నూనె పూయవలెనని తెలిసికొని, బండికందెనతో పని జరుపుకొందురు.

ఈ పాతకథలలో తల్లి చనిపోయియైన నుండును, గతిలేక బిడ్డను విడిచియైన నుండును. కావున పురుషుని సేవ దయాధర్మముగా కనబడును. 1985లో ఫ్రెంచి దర్శకురాలు కొలీన్ సెరో కథను మలుపు త్రిప్పెను. “ముగ్గురు పురుషులు, ఒక పసిబుట్ట” యని యర్థమిచ్చు ఆమె చిత్రమున, పారిసులో ఒక్క యింట నివసించు ముగ్గురు బ్రహ్మచారుల వాకిట పసిపాప యుండును. తండ్రి వారిలో నొకడే. తల్లి జీవించియే యున్నది, ఉద్యోగార్థము పరదేశమున కేగినది. ఏ వయసు బిడ్డకు ఏ పాలు కొనవలెనో తెలియక మందుల యంగడిలో నిలువబడిన మగవానిని చూచి ప్రేక్షకులు విరగబడి నవ్విరి. ఆ దేశమున నొక కోటికి పైగా టిక్కెట్లు అమ్ముడుపోయినవి. 1986లో ఉత్తమచిత్రమునకు సెజార్ బహుమానము లభించినది.

అయితే ఆ చిత్రపు సారము కడపటి ఘట్టమున నున్నది. తల్లి తిరిగివచ్చి బిడ్డను గొనిపోవును. కొంతకాలమునకు, ఉద్యోగమును శిశుపోషణమును ఒంటరిగా నీడ్వలేక, మరల వారి తలుపు తట్టును. అలసటచే పసిదాని పడకలోనే ముడుచుకొని నిద్రపోవును. ముగ్గురు మగవారు వంతులువేసికొని మోసినను నిద్రకు మొగమువాచిన భారమది! దాని నామె యొక్కతెయే మోసినది. ముగ్గురి తడబాటునకు నవ్విన మనము ఆ యొక్కతె యలసటను ఎన్నడైన గమనించితిమా?

1987లో లెనర్డ్ నిమోయ్ దర్శకత్వమున ఈ కథ “త్రీ మెన్ అండ్ ఎ బేబీ” యను పేర అమెరికాకు చేరినది. అందు తల్లిని తమతోనే నివసింప నాహ్వానించి కథను సుఖాంతము గావించిరి. 1990లో మలయాళమున “తూవల్ స్పర్శం”, 2007లో హిందీలో “హేయ్ బేబీ” అను చిత్రములు ఇదే వస్తువుతో వచ్చినవి. అన్ని భాషలలోను నవ్వుకు మూలమొక్కటే: మగవానికి బిడ్డ పని రాదు.

ఎందుకు రాదు? మన యింట ఎనిమిదేండ్ల యాడపిల్ల చంకకు తమ్ముని నెత్తుదుము. ఆమె యన్న చేతికి బంతి నిత్తుము. ఇరువదేండ్లు గడచిన పిదప వానికి బిడ్డ నెత్తుకొన చేతగాదని నవ్వుదుము. చేతగానితనము వాని పుట్టుకతో వచ్చినది గాదు, మనము పెంచినది.

శాసనములును మెల్లగా కదలుచున్నవి. ఫ్రాన్సులో 2002లో తండ్రులకు 11 దినముల సెలవు నేర్పఱచిరి. జననకాలపు సెలవుతో కలిపి 2021లో అది 28 దినములైనది. మన దేశమున కేంద్రప్రభుత్వము 2018లో, అంతవఱకు స్త్రీలకే పరిమితమైన 730 దినముల శిశుసంరక్షణపు సెలవును ఒంటరి పురుషోద్యోగులకును వర్తింపజేసినది. అవివాహితులు, భార్యను కోల్పోయినవారు, విడాకులు పొందినవారు ఇందు చేరుదురు. భార్య యింటనున్న తండ్రికి మాత్రము ఆ సెలవు లేదు. స్త్రీ యున్నచో శిశుభార మామెదేయను పాతతలంపు నియమావళిలో నింకను నిలిచియున్నది.

కావున చదువరులకు మా మనవి యొక్కటే. తనదాకా వచ్చినగాని తెలియదందురు. ఆ దినము తలుపు తట్టువఱకు ఆగనక్కఱలేదు. ఇంట పసిబిడ్డ యున్నచో, మగపిల్లవానికిని జోకొట్టుట నేర్పుడు. బిడ్డ తడిపిన గుడ్డను మార్చు పురుషుని చూచి ఎవ్వరును నవ్వని కాలము వచ్చినచో, ఈ హాస్యకథకు చెల్లుబాటుండదు. ఆ నష్టమును మనము సంతోషముతోనే భరింపవచ్చును.