డి హావిలాండ్ డి.హెచ్.9ఎ

డి హావిలాండ్ డి.హెచ్.9ఎ మొదటి ప్రపంచ యుద్ధం చివరి సంవత్సరమైన 1918లో బ్రిటన్‌లో తయారైన సైనిక విమానం. ఇది ఒకే ఇంజను గల బైప్లేను, అనగా ఒకదానిపై ఒకటిగా రెండు జతల రెక్కలు గల విమానం. ఇందులో పైలట్, అతని వెనుక పరిశీలకుడు కూర్చుంటారు. బాంబులు వేయడానికి దీనిని తయారు చేసినా, రెండు ప్రపంచ యుద్ధాల నడుమ కాలంలో నిఘా, ఫొటోలు తీయడం, టపా చేరవేయడం వంటి పనులన్నింటికీ దీనినే వాడారు. ఈ విమానాలు మొట్టమొదట యుద్ధానికి వెళ్ళింది హైదరాబాదు నిజాం మీర్ ఉస్మాన్ అలీఖాన్ బహుమతిగా. ఆ విమానాలు పొందిన బ్రిటిష్ రాజ వైమానిక దళపు 110వ స్క్వాడ్రనుకు తరువాత "హైదరాబాద్ స్క్వాడ్రన్" అనే పేరు స్థిరపడింది.

నేపథ్యం

దీనికి ముందు వచ్చిన డి.హెచ్.4 వేగంగా ఎగిరే మంచి విమానమే గాని, దానిలో పైలట్‌కూ పరిశీలకునికీ మధ్య పెట్రోలు ట్యాంకు ఉండేది. ఇంజను హోరులో ఒకరి మాట మరొకరికి వినపడేది కాదు. కింద కనిపించినదాన్ని చూసి చెప్పడమే పనిగా గల విమానంలో ఇది చిన్న లోపం కాదు. డి.హెచ్.9లో పైలట్ స్థానాన్ని వెనుకకు జరిపి, ఇద్దరినీ దగ్గరగా కూర్చోబెట్టారు. అయితే దానికి అమర్చిన 230 అశ్వశక్తి ప్యూమా ఇంజను తగినంత శక్తి ఇవ్వక, తరచు మధ్యలో ఆగిపోయేది. పాత విమానం కంటే కొత్తది నాసిరకమనే పేరు వచ్చింది.

ఈ లోపాన్ని సరిదిద్దే పని యోవిల్ పట్టణంలోని వెస్ట్‌లాండ్ సంస్థకు అప్పగించబడింది. ఆ సంస్థ రెక్కలను పెద్దవి చేసి, అమెరికాలో తయారైన 400 అశ్వశక్తి లిబర్టీ ఇంజనును అమర్చింది. లిబర్టీ ఇంజనుతో తొలి విమానం 1918 ఏప్రిల్‌లో ఎగిరింది. ఆ సంవత్సరాంతానికి 885 విమానాలు తయారయ్యాయి. రెక్కల వెడల్పు సుమారు 14 మీటర్లు, పొడవు 9.2 మీటర్లు, గరిష్ఠ వేగం గంటకు 198 కి.మీ. ముందుకు కాల్చే ఒక వికర్స్ మెషిన్‌గన్, పరిశీలకుని వద్ద గుండ్రంగా తిరిగే చట్రంపై ఒకటి లేదా రెండు లూయిస్ మెషిన్‌గన్‌లు ఉండేవి. సుమారు 336 కిలోల బాంబులు మోయగలిగేది. నిర్మాణం కర్ర చట్రంపై గుడ్డ కప్పినది. వైమానిక సిబ్బంది దీనిని ముద్దుగా "నైనాక్" అని పిలిచేవారు. ఆనాటి సైనిక సంకేత భాషలో ఎ అక్షరాన్ని "ఆక్" అని పలికేవారు, అందువల్ల తొమ్మిది-ఎ కాస్తా నైనాక్ అయింది.

నిజాం బహుమతి

మొదటి ప్రపంచ యుద్ధంలో సంస్థానాధీశులు బ్రిటిష్ ప్రభుత్వానికి ధనం, సైన్యం, గుర్రాలు సమకూర్చారు. హైదరాబాదు లాన్సర్లు ఈజిప్టు, పాలస్తీనా రంగాలలో పనిచేశారు. విమానాలకు కూడా నిజాం ధనసహాయం చేశాడు. 1917 నవంబరు 1న ఇంగ్లాండులోని రెండ్‌కూంబ్‌లో ఏర్పడిన 110వ స్క్వాడ్రను తొలి డి.హెచ్.9ఎ విమానాలన్నీ ఈ బహుమతి కిందివే. ప్రతి విమానంపైన అది హైదరాబాదు నిజాం సమర్పించినదని ఆంగ్లంలో రాసి, "హైదరాబాద్" అనే పేరుతో వరుస సంఖ్య వేశారు. నిజాంకు 1918లో "హిజ్ ఎగ్జాల్టెడ్ హైనెస్" బిరుదు, "బ్రిటిష్ ప్రభుత్వపు విశ్వసనీయ మిత్రుడు" అనే గౌరవం లభించాయి. విమానాలపై మాత్రం పాత బిరుదైన "హిజ్ హైనెస్" అనే ఉంది.

1918 ఆగస్టు నెలాఖరున ఈ స్క్వాడ్రను ఫ్రాన్సు తూర్పు భాగంలో లొరేన్ ప్రాంతపు బెటోంకూర్ చేరింది. పూర్తిగా డి.హెచ్.9ఎ విమానాలతో యుద్ధరంగానికి వెళ్ళిన మొదటి దళం ఇదే. జనరల్ ట్రెంచార్డ్ నాయకత్వంలోని ఇండిపెండెంట్ ఫోర్స్ అనే బాంబర్ల సేనలో చేరి, సెప్టెంబరు 14న తొలి దాడి జరిపింది. జర్మనీ నగరాలపై పట్టపగలు, తోడుగా యుద్ధవిమానాలు లేకుండా చేసిన దాడులు కావడం వలన నష్టం తీవ్రంగా ఉండేది. అక్టోబరు 21న వెళ్ళిన విమానాలలో ఏడు తిరిగి రాలేదు. ఆనాడు దళాధిపతి కూడా బందీ అయ్యాడు. రెండు నెలల యుద్ధంలో 17 విమానాలు శత్రువు చేతిలోను, 28 ప్రమాదాలలోను పోయాయి. అంటే బహుమతిగా వచ్చిన విమానాలలో చాలావరకు యుద్ధం ముగిసేనాటికే నశించి, వాటి స్థానంలో కొత్తవి చేరాయన్నమాట. 1919 ఆగస్టులో ఫ్రాన్సులోనే స్క్వాడ్రను రద్దయింది. హైదరాబాదు పేరు మోసిన ఆ దళం ఆ యుద్ధకాలంలో భారతదేశానికి రాలేదు.

ఇదే నెలలలో దక్కనులో పరిస్థితి వేరు. 1918లో వానలు ముఖం చాటేశాయి. సెప్టెంబరు నుండి ఇన్‌ఫ్లుయెంజా మహమ్మారి ఊళ్ళకు ఊళ్ళను చుట్టబెట్టింది. 1911 జనాభా లెక్కలలో సుమారు 1 కోటి 33 లక్షలున్న హైదరాబాదు రాజ్య జనాభా 1921 నాటికి సుమారు 1 కోటి 24 లక్షలకు తగ్గిపోయింది. 1905లో ఏర్పడిన కరీంనగర్, ఆదిలాబాదు జిల్లాలు కూడా ఈ రాజ్యంలోనివే. అప్పటి రాజ్యాదాయంలో ప్రధాన భాగం భూమిశిస్తు. విమానంపై రాసిన పేరు మాత్రం ఒక్కరిదే.

యుద్ధాల నడుమ వాడుక

యుద్ధం ముగిశాక బ్రిటిష్ ప్రభుత్వం వద్ద వందలాది డి.హెచ్.9ఎ విమానాలు మిగిలిపోయాయి. కొత్తవి కొనడానికి డబ్బు లేదు. సామ్రాజ్యంలోని మారుమూల సరిహద్దులను సైన్యానికి బదులు విమానాలతో, తక్కువ ఖర్చుతో కాపాడవచ్చుననే వాదన లండన్‌లో బలపడింది. ఈ విధంగా జర్మనీ నగరాలపైకి వెళ్ళవలసిన విమానం ఇరాక్ ఎడారిలోను, వాయవ్య సరిహద్దు కొండలలోను కాపలాదారు అయింది.

ఎండ దేశాలలో లిబర్టీ ఇంజను వేడెక్కిపోయేది. అందుకని ముక్కు కింద అదనపు రేడియేటరు బిగించారు. ఎడారిలో దిగిపోతే కాపాడేవారు వచ్చేవరకు బతకాలి గనుక నీటి తిత్తులు, ఆహారం, పరుపుచుట్టలు, విడి చక్రం విమానం పక్కకు కట్టి ఎగిరేవారు. ఫొటోలలో చూస్తే కొన్ని విమానాలు సంతకు బయలుదేరిన ఎడ్లబండిలా కనిపిస్తాయి. ఇంత బరువుతో వేగం, ఎత్తు రెండూ తగ్గిపోయేవి. కర్ర చట్రాలు పొడి వేడికి వంకరపోవడం మరొక బాధ.

1921లో కైరో, బాగ్దాద్ నగరాల మధ్య విమాన టపా మొదలైంది. ఎడారిలో దారి తెలియడానికి వందల కిలోమీటర్ల పొడవున నాగలితో చాలు తీశారు, లేదా వాహనాల చక్రాల జాడలు వేశారు. పైలట్లు పైనుండి ఆ చాలునే చూస్తూ ఎగిరేవారు. ఈ మార్గంలో డి.హెచ్.9ఎ విమానాలు ఎక్కువగా పనిచేశాయి.

భారతదేశంలో 27వ, 60వ స్క్వాడ్రన్లు ఈ విమానాలను వాడాయి. వాయవ్య సరిహద్దులో కొండదారుల ఫొటోలు తీయడం, గుంపులుగా చేరుతున్న తెగల కదలికలు కనిపెట్టడం, దూరపు ఠాణాలకు ఉత్తరాలు జారవిడవడం వీటి నిత్యకృత్యం. 1925 మార్చి 9 నుండి మే 1 వరకు దక్షిణ వజీరిస్తాన్‌లోని మహ్సూద్ తెగలపై వింగ్ కమాండర్ రిచర్డ్ పింక్ నడిపిన దాడిలో ఈ రెండు దళాలూ పాల్గొన్నాయి. పదాతి సైన్యం లేకుండా కేవలం విమానాలతోనే నడిపిన ఈ దాడిని చరిత్రకారులు "పింక్ యుద్ధం" అంటారు. నిఘాకు, శిక్షకు ఒకే విమానాన్ని వాడడంలోని కఠినత్వం ఇక్కడ స్పష్టంగా కనిపిస్తుంది. ఉదయం గ్రామం ఫొటో తీసిన విమానమే, ఆ గ్రామం లొంగకపోతే, బాంబులతో తిరిగి వచ్చేది.

1928 చివర అఫ్గానిస్తాన్‌లో అమానుల్లా రాజుపై తిరుగుబాటు జరిగినప్పుడు కాబూల్‌లోని బ్రిటిష్ దౌత్య కార్యాలయంతో సంబంధాలు తెగిపోయాయి. డిసెంబరు 18న పరిస్థితి తెలుసుకోవడానికి పంపిన ఒక డి.హెచ్.9ఎ విమానానికి తూటాలు తగలడంతో కాబూల్‌లోనే దిగవలసివచ్చింది. ఆ తరువాత 1929 ఫిబ్రవరి 25 వరకు మంచు కొండల మీదుగా 586 మందిని విమానాలలో పెషావరు ప్రాంతానికి చేరవేశారు. మనుషులను మోసినవి ముఖ్యంగా పెద్ద విక్టోరియా విమానాలు, డి.హెచ్.9ఎలు వాటికి తోడుగా వెళ్ళాయి. 1931 నాటికి డి.హెచ్.9ఎ బ్రిటిష్ సేవనుండి తొలగిపోయింది.

ఫ్రాన్సు, సోవియట్ యూనియన్‌లతో పోలిక

ఇదే కాలంలో ఫ్రాన్సు కూడా ఇటువంటి దారినే నడిచింది. 1916లో తొలిసారి ఎగిరిన బ్రెగే 14 అనే రెండు సీట్ల విమానాన్ని ఫ్రెంచివారు నిఘాకు ఎ2, బాంబులకు బి2 అని రెండు రకాలుగా తయారు చేశారు. 1928 వరకు దాదాపు 8,000 విమానాలు నిర్మించబడ్డాయి. దాని తరువాత బ్రెగే 19, పోతె 25 వచ్చాయి. మొరాకోలో రిఫ్ తిరుగుబాటుపైన, సిరియాలో 1925లో మొదలైన తిరుగుబాటుపైన వీటిని వాడారు. ఒక ముఖ్యమైన తేడా ఉంది. బ్రెగే సంస్థ మొదటినుండి చట్రానికి అల్యూమినియం మిశ్రమ లోహాన్ని వాడింది. అందువలన ఆఫ్రికా ఎండలకు ఆ విమానాలు డి.హెచ్.9ఎ కంటే బాగా తట్టుకున్నాయి. అయితే పాత విమానాలనే సాగదీసి వాడే అలవాటు ఫ్రాన్సుకూ తప్పలేదు. 1925లో తొలిసారి ఎగిరిన పోతె 25 విమానాలు కొన్ని రెండవ ప్రపంచ యుద్ధం మొదలయ్యేనాటికి కూడా ఫ్రెంచి వలసలలో పనిచేస్తూనే ఉన్నాయి.

సోవియట్ యూనియన్‌లో డి.హెచ్.9ఎ విమానాన్ని అనుకరించి ఆర్-1 అనే విమానాన్ని తయారు చేశారు. రష్యన్ భాషలో నిఘా విమానాన్ని సూచించే పదపు మొదటి అక్షరమే ఈ ఆర్. లిబర్టీ ఇంజనుకు కూడా అక్కడే నకలు తయారైంది. 2,400కు పైగా ఆర్-1 విమానాలు నిర్మించబడ్డాయి. సంఖ్యలో బ్రిటన్ తయారు చేసిన అసలు విమానాలను మించిపోయిన నకలు ఇది.

వారసత్వం

డి.హెచ్.9ఎ స్థానంలో కొత్త విమానం కావాలని 1927లో బ్రిటిష్ ప్రభుత్వం కోరినప్పుడు, గోదాములలో మిగిలిన డి.హెచ్.9ఎ భాగాలను వీలైనంత వాడాలని షరతు పెట్టింది. పాత విమానాన్ని నిర్మించిన వెస్ట్‌లాండ్ సంస్థే అవే రెక్కలతో వాపిటి అనే విమానాన్ని తయారు చేసింది. 1933 ఏప్రిల్ 1న కరాచీలోని డ్రిగ్ రోడ్‌లో ఏర్పడిన భారత వైమానిక దళపు మొదటి స్క్వాడ్రనుకు దక్కినవి ఈ వాపిటి విమానాలే, అవి కూడా నాలుగే. ఆ విధంగా భారతీయ పైలట్లు సైన్యానికి తోడుగా నిఘా చేయడం నేర్చుకున్నది డి.హెచ్.9ఎ సంతతి విమానాలపైననే.

110వ స్క్వాడ్రను 1937 మే 18న తిరిగి ఏర్పడింది. దాని చిహ్నంలోని పులి నిజాం రాజచిహ్నం నుండి వచ్చింది. 1939 సెప్టెంబరు 4న జర్మనీలోని విల్‌హెల్మ్స్‌హావెన్ నౌకాశ్రయంపై బ్రిటన్ జరిపిన మొదటి బాంబుదాడిలో ఈ స్క్వాడ్రను బ్లెన్‌హైమ్ విమానాలు ముందు నడిచాయి. 1942లో స్క్వాడ్రను భారతదేశానికి వచ్చి, తరువాత బర్మా రంగంలో పోరాడింది. 1971లో రద్దయింది. రెండవ ప్రపంచ యుద్ధంలో 152వ, 253వ స్క్వాడ్రన్లు కూడా హైదరాబాదు పేరును ధరించాయి. 152వ స్క్వాడ్రను చిహ్నం నిజాం ధరించే తలపాగా, దాని నినాదం "విశ్వసనీయ మిత్రుడు".

స్వదేశంలో మాత్రం విమానయానం నెమ్మదిగా సాగింది. హైదరాబాదు బేగంపేటలో విమానాశ్రయం 1930ల నాటిది. ఉత్తర తెలంగాణలో ఆదిలాబాదు ఎయిర్‌స్ట్రిప్ నిజాం పాలనాకాలంలో ఏర్పడినదే గాని, నిత్య ప్రయాణికుల విమానాలు ఆ జిల్లాకు రాలేదు.

మిగిలిన విమానం

నిజాం బహుమతి విమానాలలో ఒకటి ఇప్పటికీ ఉంది. దాని సంఖ్య ఎఫ్1010, దానిపై "హైదరాబాద్ 12ఎ" అని రాసి ఉంది. 1918 అక్టోబరు 5న జర్మనీపై దాడికి వెళ్ళి శత్రుభూభాగంలో దిగిపోగా, కెప్టెన్ ఆండ్రూ ఇంగ్లిస్, లెఫ్టినెంట్ విలియం బోడ్లీ బందీలయ్యారు. జర్మన్లు ఆ విమానాన్ని బెర్లిన్‌లోని విమాన మ్యూజియంలో ప్రదర్శించారు. రెండవ ప్రపంచ యుద్ధంలో బాంబుదాడులకు భయపడి మ్యూజియం వస్తువులను తూర్పుకు తరలించినప్పుడు ఇది పోలండు చేరి, క్రాకోవ్ నగరంలో ఉండిపోయింది. 1977లో బ్రిటన్ ఒక స్పిట్‌ఫైర్ విమానాన్ని పోలండుకు ఇచ్చి, బదులుగా దీనిని తెచ్చుకుంది. బాగుచేసిన తరువాత లండన్ హెండన్‌లోని రాజ వైమానిక దళ మ్యూజియంలో దీనిని ప్రదర్శనకు ఉంచారు.