ఒడ్డున ఉన్నవాళ్ళ లెక్క

సముద్రంలో ఎక్కడో కాలం నెమ్మదిగా నడిచే చోటు ఒకటుందని చెప్పే కథలు చాలా దేశాల్లో ఉన్నాయి. వాటిలో నాకు బాగా ఇష్టమైనది జపాన్‌వాళ్ళ ఉరషిమా కథ. దానికో విచిత్రమైన గౌరవం దక్కింది: పుక్కిటి కథకి చరిత్ర పుస్తకంలో తారీఖు ఉంది.

720లో పూర్తయిన 'నిహోన్ షోకీ' రాజుల చరిత్ర. అందులో యూర్యకు చక్రవర్తి ఏలుబడి 22వ ఏడు, అంటే 478 కింద, నాలుగు మాటల్లో ఈ సంగతి రాసిపెట్టారు. ఉరషిమా అనే అతను పడవెక్కి చేపల వేటకెళ్ళాడు. ఒక పెద్ద తాబేలు దొరికింది. అది ఆడమనిషిగా మారింది. అతను ఆమె వెంట సముద్రంలోకి వెళ్ళి, చావులేనివాళ్ళుండే హోరై అనే చోటు చేరాడు. మిగతా కథ వేరే పుస్తకంలో ఉందని చెప్పి చరిత్రకారుడు ముందుకెళ్ళిపోతాడు. అతను తిరిగొచ్చిన ఊసే లేదు.

తిరిగి రావడం గురించి చెప్పేది 'తంగో ఫుదొకి'. 713లో రాజాజ్ఞ మీద ఒక్కో ప్రాంతం తన ఊళ్ళ పేర్లూ, పంటలూ, కథలూ రాసి పంపింది. తంగో ప్రాంతపు పుస్తకం పోయింది. తర్వాతి గ్రంథాల్లో ఉదహరించిన ముక్కలే మనకి మిగిలాయి. ఆ ముక్కల్లో ఈ కథ వివరంగా ఉంది. ఉరషిమా అక్కడ మూడేళ్ళు సుఖంగా ఉంటాడు. ఇంటిమీద బెంగ పుడుతుంది. భార్య ఒక పెట్టె ఇచ్చి, మళ్ళీ నా దగ్గరికి రావాలంటే దీన్ని తెరవకు అంటుంది. ఊరికి వస్తే ఊరు గుర్తుపట్టేలా లేదు. ఫలానావాళ్ళ ఇల్లెక్కడ అని ఒక ఊరివాణ్ణి అడుగుతాడు. పూర్వం ఆ పేరుగల మనిషి ఒక్కడే సముద్రం మీదకి వెళ్ళి మళ్ళీ రాలేదట, మా పెద్దలు చెప్పేవారు, ఇప్పటికి మూడొందల ఏళ్ళు దాటింది అంటాడు అతను.

ఈ జవాబు దగ్గర నేను ప్రతిసారీ ఆగిపోతాను. తాబేలూ, చావులేనివాళ్ళూ, వాకిట్లో ఎదురొచ్చిన నక్షత్రాలూ అన్నీ పక్కన పెడితే ఊరికి తెలిసింది ఇదొక్కటే: ఒక మనిషి వేటకెళ్ళాడు, రాలేదు. చేపల వేట మీద బతికే ఏ ఊళ్ళోనైనా ఇలాంటి ఇల్లు ఒకటి ఉంటుంది. శవం దొరకదు. తద్దినం ఏ తిథికి పెట్టాలో తెలియదు. తల్లికి జుట్టు నెరుస్తుంది, తమ్ముళ్ళకి పిల్లలు పుడతారు. పోయినవాడి వయసు మాత్రం పడవెక్కిన నాడు ఎంతో ఇవాళా అంతే. సముద్రంలో కాలం ఆగుతుందనే ఊహ ఇక్కడే పుట్టి ఉంటుందని నా అనుమానం. ఇది సముద్రం మీద తిరిగినవాళ్ళు చెప్పిన కథ కాదు, ఒడ్డున కూచుని రోజులు లెక్కపెట్టినవాళ్ళు అల్లుకున్న కథ. నా ఉద్యోగంలో రెండు యంత్రాల గడియారాలు తేడాగా నడిస్తే, ఏదో ఒకదాన్ని ప్రమాణంగా తీసుకుని రెండోదాన్ని సరిచేస్తాం. ఈ కథలో ప్రమాణం ఎప్పుడూ ఊరి గడియారమే.

మన భాగవతంలో కకుద్మి కథ దీనికి దగ్గరి చుట్టం. అతని వంశంవాళ్ళ కుశస్థలి కూడా సముద్రంలో కట్టిన నగరమే. కూతురు రేవతికి వరుణ్ణి అడగడానికి ఆమెతోపాటు బ్రహ్మలోకం వెళ్ళి, అక్కడ పాట అయ్యేదాకా కాస్త ఆగుతాడు. ఈలోపు భూమ్మీద 27 మహాయుగాలు గడిచిపోతాయి. అయితే కకుద్మికి సంగతి విప్పి చెప్పడానికి బ్రహ్మ ఉన్నాడు, కూతురు పక్కనే ఉంది, బలరాముడనే అల్లుడూ దొరికాడు. ఉరషిమాకి చెప్పేవాడు లేడు. దారినపోయే ఊరివాడి నోట తన కథ తానే వినాల్సొచ్చింది.

తర్వాతి కాలాలు ఈ కథకి తలో నీతీ తగిలించాయి. 'మన్యోషూ' సంకలనంలో ముషిమారో అనే కవి, హాయిగా ఉండక తిరిగొచ్చినందుకు ఉరషిమాని తెలివితక్కువవాడన్నాడు. కొన్ని వందల ఏళ్ళ తర్వాతి జానపద ప్రతిలో సముద్రగర్భంలోని భవనానికి తూర్పున వసంతం, దక్షిణాన వేసవి, పడమట శరత్తు, ఉత్తరాన చలికాలం ఒకేసారి కనిపిస్తాయి. 300 ఏళ్ళు 700 అయ్యాయి, అతను చివరికి కొంగగా ఎగిరిపోయాడు. 1910 నాటి బడి వాచకానికి వచ్చేసరికి పిల్లలు ఏడిపిస్తున్న తాబేలుని కాపాడిన మంచివాడయ్యాడు. పాత ప్రతుల్లో అతను తాబేలుని కాపాడనూ లేదు, ఏ పుణ్యమూ చెయ్యలేదు. వేటకెళ్ళాడంతే.

ముషిమారోతో నాకు పేచీ ఉంది. అదే పద్యంలో ఉరషిమా భార్యని అడిగిందేమిటి? అమ్మానాన్నలకి విషయం చెప్పి రేపే వచ్చేస్తానని. అది తెలివితక్కువతనమైతే, గడప దాటేప్పుడు "వెళ్తాను" అనకుండా "వెళ్ళొస్తాను" అనే మనమందరం తెలివితక్కువవాళ్ళమే. ఆ మాటతో మనం ఒడ్డునున్నవాళ్ళ లెక్కకి ఒప్పుకుంటున్నాం. ఉరషిమా కూడా ఒప్పుకున్నాడు. పెట్టె మూత తీయగానే జుట్టు నెరిసి, ఒళ్ళు ముడతలు పడి, ప్రాణం పోయిందని ముషిమారో చెప్తాడు. దాన్ని శిక్షగా చదవాలని నాకనిపించదు. ఊళ్ళో అందరికీ గడిచిన కాలమే, ఆలస్యంగా, అతనికీ గడిచింది.