చాకలి పద్దులో తప్పిపోయిన నైట్‌గౌను

సారం లేని జాబితాను చాకలి పద్దు అని తీసిపారేయడం తెలుగు విమర్శలో పాత అలవాటు. 1860 వేసవిలో ఇంగ్లండులో జరిగిన ఒక పసివాడి హత్యలో మాత్రం దర్యాప్తు చివరికి వచ్చి నిలిచింది అక్షరాలా ఒక చాకలి పద్దు దగ్గరే. పద్దులో రాసి ఉన్న ఒక నైట్‌గౌను, బట్టలుతికే ఆవిడ బుట్ట విప్పి చూస్తే లేదు. అది ఏమైందన్న ప్రశ్నకు స్కాట్లండ్ యార్డ్ ఒక సమాధానం ఇచ్చింది, పత్రికలు మరొకటి ఇచ్చాయి. అయిదేళ్ల తర్వాత వెలువడిన నేరాంగీకారం ఒక మనిషిని శిక్షించడానికి సరిపోయింది గాని, కేసులోని ముళ్లన్నీ విప్పలేకపోయింది.

విల్ట్‌షైర్, సోమర్సెట్ జిల్లాల సరిహద్దులో ఉన్న ఆ ఊరి పేరే రోడ్. ఊరి బయట రోడ్ హిల్ హౌస్ అనే పెద్ద ఇల్లు. యజమాని సామ్యూల్ కెంట్ ఫ్యాక్టరీల సబ్-ఇన్‌స్పెక్టర్. మిల్లుల్లో పిల్లలచేత పని చేయించడం మీద ఉన్న ఆంక్షలను అమలుపరచడం ఆయన ఉద్యోగం కనుక, పిల్లల కూలి మీద బతికే ఊరివారికి ఆయనంటే గిట్టదు. మొదటి భార్యకు మతి చలించిందని చెప్పుకునేవారు. ఆమె బతికుండగానే పిల్లలకు చదువు చెప్పడానికి వచ్చిన యువతి క్రమంగా ఇంటి పెత్తనం చేతికి తీసుకుని, ఆమె మరణించాక 1853లో రెండవ భార్య అయింది. మొదటి సంసారపు పిల్లలు నలుగురు, రెండవ సంసారపు పిల్లలు ముగ్గురు, దంపతులు, ముగ్గురు పనివాళ్లు: జూన్ 29 శుక్రవారం రాత్రి ఆ ఇంట్లో పడుకున్నది మొత్తం పన్నెండుగురు. తలుపులన్నీ మామూలుగానే గడియ పెట్టారు.

తెల్లవారేసరికి మూడేళ్లు దాటిన సావిల్ మంచంలో లేడు. అయిదు గంటలప్పుడు మెలకువ వచ్చిన ఆయా ఎలిజబెత్ గఫ్ ఆ సంగతి గమనించింది. తల్లి తీసుకెళ్లి ఉంటుందనుకుని మళ్లీ నిద్రపోయింది. ఏడు దాటాక తల్లిని అడిగితే తన దగ్గర లేడంది. డ్రాయింగ్ రూమ్ కిటికీ తెరిచి ఉంది. తండ్రి బండి కట్టించుకుని పోలీసుల కోసం ట్రోబ్రిడ్జ్ పట్టణానికి బయలుదేరాడు. ఆయన తిరిగి రాకముందే, తోటలో పనివాళ్లు వాడుకునే మరుగుదొడ్డిలో ఊరివారిద్దరికి శవం దొరికింది. దుప్పటిలో చుట్టి ఉంది. గొంతు ఎముకదాకా తెగి ఉంది, ఛాతీలో ఒక పోటు ఉంది. అంత గాయానికి కారవలసినంత నెత్తురు అక్కడ లేదు. శవపరీక్ష చేసిన డాక్టర్ జాషువా పార్సన్స్ నోటి చుట్టూ నల్లబారి ఉండటం చూసి, ముందు ఊపిరాడకుండా అదిమి ఉంటారని అభిప్రాయపడ్డాడు.

కేట్ సమ్మర్‌స్కేల్ 2008లో ప్రచురించిన 'ది సస్పిషన్స్ ఆఫ్ మిస్టర్ విచర్' చదివినవారికి ఈ కథలో ముఖ్యంగా గుర్తుండేది లండను నుంచి వచ్చిన డిటెక్టివ్ జొనాథన్ విచర్. సామ్యూల్ జాన్సన్ బహుమతి పొందిన ఆ పుస్తకం అందుకు తగినదే. అయితే పేజీలు వెనక్కి తిప్పి తేదీలు సరిచూసుకుంటే తెలిసే విషయం వేరు. విచర్ రోడ్ చేరింది జూలై మధ్యలో. కేసు అంతకు పక్షం రోజుల ముందే, శవం దొరికిన రోజునే చెడిపోయింది. చెడగొట్టింది లంచమూ కాదు, తెలివితక్కువతనమూ పూర్తిగా కాదు. ఎక్కువ పాలు మర్యాద.

ఆ శనివారం సాయంత్రం ఇల్లు వెతుకుతున్న ఒక సార్జంటుకు వంటింటి బాయిలర్ పొయ్యి గూట్లో కాగితంలో చుట్టి దాచిన ఒక ఆడవారి లోదుస్తు దొరికింది. దాన్ని షిఫ్ట్ అనేవారు. దానిమీద నెత్తురు మరకలున్నాయి. అతను దాన్ని తన పై అధికారి సూపరింటెండెంట్ ఫోలీకి చూపించాడు. అది హత్య తాలూకు నెత్తురు కాదని, నెలసరి మరకలని ఫోలీ తేల్చేశాడు. అలాంటి వస్తువును నలుగురిలో ప్రదర్శించడమే ఆయనకు సిగ్గుగా తోచింది. బట్టను మళ్లీ అదే గూట్లో పెట్టించారు, ఎవరైనా దాన్ని తీసుకోవడానికి వస్తే పట్టుకోవచ్చన్నది ఎత్తు. ఆ రాత్రి ఇద్దరు కానిస్టేబుళ్లను ఇంట్లో కాపలా ఉంచారు. ఇంటి యజమాని వారిని వంటింట్లో ఉంచి బయట గడియ పెట్టాడు. తాము బందీలమని ఆ పోలీసులకు అర్ధరాత్రి దాటాక గాని తెలియలేదు. ఇంట్లో ఎప్పటిలా అన్నీ మూసి ఉంటేనే ఎవరికీ అనుమానం రాదని అలా చేశానని కెంట్ తర్వాత చెప్పాడు. బట్ట మాత్రం మాయమైంది. అది దొరికిన సంగతిని, పోయిన సంగతిని స్థానిక పోలీసులు గుట్టుగా ఉంచారు. లండను నుంచి వచ్చిన విచర్‌కు కూడా చెప్పలేదు.

ముట్టుగుడ్డ మగవాడి కంట పడరాదన్న నియమం తెలుగిళ్లకు కొత్తది కాదు, కనుక ఫోలీ ఇబ్బందిని అర్థం చేసుకోవడం కష్టం కాదు. క్షమించడం వేరే సంగతి. ఆ రోజుల్లో వైద్యశాస్త్రం ఏం చెప్పగలిగేదన్న ప్రశ్న కూడా న్యాయమైనదే. ఎండిన మరక నెత్తురా కాదా అని తేల్చే గ్వాయకం పరీక్ష 1862లో వచ్చింది. అది మనిషి నెత్తురా, జంతువుదా అని చెప్పగలిగే ఊలెన్‌హూత్ పరీక్షకు 1901 దాకా ఆగవలసి వచ్చింది. అంటే 1860లో ఆ బట్టను ఏ ప్రయోగశాలకు పంపినా తిరుగులేని జవాబు వచ్చేది కాదు. కాని ఒక బట్ట సాక్ష్యంగా పనికి రావడానికి మరకే అక్కరలేదు. కొలత ఉంటుంది, నేత ఉంటుంది, కుట్టు ఉంటుంది, ఎంత అరిగిందన్నది ఉంటుంది. అది యజమానురాలిదో పనిమనిషిదో ఆ ఇంటి ఆడవారెవరైనా చూడగానే చెప్పగలరు. అడగాలంటే ముందు దాని పేరు పైకి ఎత్తాలి. ఎవరూ ఎత్తలేదు.

సోమవారం కరోనర్ విచారణా అదే దారిలో నడిచింది. కెంట్ కుటుంబాన్ని ప్రశ్నించాలని జ్యూరీలోని ఊరివారు పట్టుబట్టారు. కరోనర్ సిల్వెస్టర్ మొదట ఒప్పుకోలేదు, చివరికి అయిష్టంగా జ్యూరీని ఇంటికే తీసుకెళ్లి పెద్ద పిల్లలిద్దరిని, పదహారేళ్ల కాన్‌స్టన్స్‌ను, ఆమె తమ్ముడు విలియమ్‌ను, రెండు మూడు ప్రశ్నలతో సరిపెట్టాడు. గుర్తు తెలియని వ్యక్తి లేక వ్యక్తులు చేసిన హత్య అని తీర్పు రాశారు. ఇంట్లో వారిలోనే ఎవరో చేశారని అప్పటికే జిల్లా అంతా అనుకుంటోంది.

అదే సోమవారం ఇంకొకటి జరిగింది. ఉతకవలసిన బట్టలను పనిమనిషి సారా కాక్స్ పద్దు రాసుకుంటూ బుట్టల్లో సర్దుతుండగా కాన్‌స్టన్స్ వచ్చి, తన లంగా జేబులో పర్సు ఉండిపోయిందేమో చూడమంది, తర్వాత మంచినీళ్లు తెచ్చిపెట్టమంది. కాక్స్ కిందికి వెళ్లి వచ్చింది. ఆ బుట్టలు మిసెస్ హోలీ అనే చాకలామె ఇంటికి చేరాక ఒక నైట్‌గౌను తక్కువైంది. కాన్‌స్టన్స్‌కు ఉన్నవి మూడు, ఇప్పుడు రెండే కనబడుతున్నాయి. తాను మూడవదాన్ని బుట్టలో వేశానని కాక్స్ ప్రమాణం చేసి చెప్పింది.

విచర్ దీన్ని చదివిన తీరు ఆ కాలపు డిటెక్టివ్ బుద్ధికి మంచి ఉదాహరణ. నెత్తురంటిన నైట్‌గౌనును కాన్‌స్టన్స్ అప్పటికే నాశనం చేసింది, కనుక ఇంట్లో ఒకటి లెక్క తగ్గుతుంది. ఆ లోటు చాకలామె మీదికి పోవాలంటే మచ్చలేని మరో నైట్‌గౌను పద్దులోకి ఎక్కాలి, బుట్టలోకి వెళ్లాలి, మంచినీళ్లు తెచ్చేలోగా బుట్టలోంచి వెనక్కి రావాలి. పోయింది శుభ్రమైన గౌనని, దాని పోకడ వెనుక మాసిన గౌను దాక్కుందని ఆయన వాదన. లెక్క అందంగా కుదిరింది. చేతిలో మాత్రం ఒక్క నూలుపోగు లేదు.

జూలై 20న మేజిస్ట్రేట్ల ఆదేశంతో కాన్‌స్టన్స్‌ను అరెస్టు చేశారు. సాక్ష్యం చూపించడానికి విచర్‌కు దొరికింది ఒక వారం. 27వ తేదీన ఊరి టెంపరెన్స్ హాలులో విచారణ జరిగింది. సవతి పిల్లల మీద ఇంట్లో చూపించే ప్రేమను చూసి ఆమె నొచ్చుకునేదని బడి స్నేహితురాళ్లు చెప్పారు. నాలుగేళ్ల కిందట ఆమె జుట్టు కత్తిరించుకుని, మగపిల్లవాడి బట్టలు తొడుక్కుని, విలియమ్‌తో కలిసి ఇల్లు విడిచి పారిపోవాలనుకున్నప్పుడు, కత్తిరించిన జుట్టును పడేసింది సావిల్ శవం దొరికిన మరుగుదొడ్డిలోనే. ఇవి అనుమానానికి బలమైనవే గాని న్యాయస్థానానికి చాలవు. ఆమె తరఫు న్యాయవాది ఎడ్లిన్, కనబడని ఒక నైట్‌గౌను కోసం ఒక పెద్దింటి పిల్ల జీవితాన్ని బజారున పడేశారని గర్జించాడు. హాలు చప్పట్లతో మోగింది. రెండు వందల పౌన్ల జామీను మీద ఆమె ఇంటికి వెళ్లింది, విచర్ లండనుకు వెళ్లాడు.

తెలుగులో కొమ్మూరి సాంబశివరావు నవలలు చదివి పెరిగినవారికి డిటెక్టివ్ అంటే నలుగురూ గౌరవంగా దారి ఇచ్చే మనిషి. 1860 నాటి ఇంగ్లండులో ఆ గౌరవం ఇంకా పుట్టలేదు. స్కాట్లండ్ యార్డ్ డిటెక్టివ్ విభాగం మొదలైంది 1842లో, అప్పుడు చేరిన కొద్దిమందిలో విచర్ ఒకడు. డికెన్స్ ఆయన్ను మెచ్చుకుంటూ తన పత్రికలో రాశాడు కూడా. అయినా ఆయన ఒక తోటమాలి కొడుకు. పెద్దమనిషి కూతురి లోదుస్తులను లెక్కపెట్టినందుకు, హత్యను విప్పలేకపోయినందుకు వచ్చినదానికన్నా ఎక్కువ తిట్లు వచ్చాయి. 1864లో ఆరోగ్యం చెడి ఉద్యోగం మానుకున్నాడు. డికెన్స్ సైతం ఈ కేసులో విచర్‌ను నమ్మలేదు. తండ్రీ ఆయా కలిసి చేశారని ఆయన ఊహ, దేశంలో చాలామందిదీ అదే ఊహ. ఆ శరదృతువులో ఆయా గఫ్‌ను అరెస్టు చేసి, సాక్ష్యం లేక వదిలేశారు. ఆమె పనిమనిషి కనుక ఆమె పరువు గురించి ఏ న్యాయవాదీ కెంట్ బిడ్డ విషయంలో లాగా గొంతు చించుకోలేదు.

నవంబరులో సాండర్స్ అనే మేజిస్ట్రేట్ ఎవరూ అడగకుండానే తానొక విచారణ పెట్టుకుని, వచ్చినవారందరినీ తోచిన ప్రశ్నలు అడిగాడు. పత్రికలు ఆయన్ను విదూషకుణ్ణి చేశాయి. పొయ్యి గూట్లో దొరికిన షిఫ్ట్ సంగతి బయటపడింది ఆ విదూషకుడి విచారణలోనే. విచర్‌కు ఆ కబురు అప్పుడే చేరింది. తాను వెతికిన నైట్‌గౌను అదేనని ఆయన ఒక పోలీసు మిత్రుడికి ఉత్తరం రాశాడు. అది నైట్‌గౌను కాదు, షిఫ్టేనని దాన్ని చూసిన సార్జంటు సాక్ష్యం. బట్ట లేదు కనుక ఇద్దరిలో ఎవరిది సరైన మాటో తేలే దారి లేదు.

1865 ఏప్రిల్ 25న కాన్‌స్టన్స్ ఆర్థర్ వాగ్నర్ అనే మతాచార్యుడిని వెంటబెట్టుకుని లండనులోని బో స్ట్రీట్ కోర్టుకు వచ్చి, తానే, ఒంటరిగా, ఎవరి సాయమూ లేకుండా చంపానని ఒప్పుకుంది. జూలైలో సాల్స్‌బరీ కోర్టులో నేరం అంగీకరించడంతో సాక్షుల విచారణే లేకుండా నిమిషాల్లో మరణశిక్ష పడింది. తర్వాత దాన్ని యావజ్జీవంగా తగ్గించారు. విచర్ అన్నదే నిజమైంది. ఇక్కడితో ఆపితే కథ చక్కగా ముగుస్తుంది, చాలామంది అలాగే ముగించారు.

కాని ఒప్పుకోలును శవపరీక్ష పక్కన పెట్టి చదివితే అతుకు కుదరదు. ఆమె మతిస్థిమితాన్ని పరీక్షించిన డాక్టర్ బక్‌నిల్ ద్వారా వెలువడిన వివరం ప్రకారం ఆయుధం తండ్రి అలమారలోంచి తీసిన మంగలికత్తి. ఛాతీ పోటు మంగలికత్తితో సాధ్యం కాదని, మొన ఉన్న గట్టి కత్తి కావాలని పార్సన్స్ మొదటినుంచీ చెప్పాడు. నోటి చుట్టూ ఉన్న నలుపుకూ, మరుగుదొడ్డిలో నెత్తురు తక్కువగా ఉండటానికీ ఆ కథనంలో సరైన సమాధానం లేదు. తన నైట్‌గౌను మీద రెండు మరకలే పడ్డాయని, వాటిని కడిగి, చివరకు గౌనును కాల్చేశానని ఆమె చెప్పింది. అలాగైతే గూట్లోని బట్ట ఎవరిది? నిద్రలో ఉన్న నాలుగేళ్ల బరువును ఒక చేత్తో మోస్తూ, మరో చేత్తో కిటికీ తలుపు పైకెత్తడం ఒంటరి పిల్లకు ఎంతవరకు సాధ్యం? నేరం అంగీకరించకుండా విచారణ జరిగి ఉంటే ఈ ప్రశ్నలన్నీ పార్సన్స్‌ను బోనులో నిలబెట్టి అడిగేవారు.

విలియమ్‌కు కూడా ఇందులో పాలుందేమోనని విచర్ అప్పుడే అనుమానించాడు. తమ్ముణ్ణి కాపాడటానికే కాన్‌స్టన్స్ నేరమంతా నెత్తిన వేసుకున్నదని సమ్మర్‌స్కేల్ సూచిస్తారు. పుస్తకంలో బలంగా నిలిచే భాగం ఇది. సామ్యూల్ కెంట్‌కు సిఫిలిస్ ఉండవచ్చునని, మొదటి భార్యకు వరసగా పసిపిల్లలు పోవడానికి అదే కారణం కావచ్చునని ఆమె చేసే ఊహ అంత నిలవదు. టీకాలు, యాంటీబయాటిక్‌లు లేని ఆ కాలంలో పసిపిల్లలు పోవడానికి సిఫిలిస్ దాకా వెళ్లనక్కరలేదు.

విలియమ్ సావిల్-కెంట్ పేరున్న సముద్రజీవ శాస్త్రజ్ఞుడై, ఆస్ట్రేలియాలోని గ్రేట్ బారియర్ రీఫ్ మీద 1893లో గొప్ప గ్రంథం వెలువరించాడు. కాన్‌స్టన్స్ ఇరవై ఏళ్లు జైలులో గడిపి 1885లో విడుదలై, పేరు మార్చుకుని తానూ ఆస్ట్రేలియా చేరింది. రూత్ ఎమిలీ కేయ్‌గా నర్సు శిక్షణ పొంది, దశాబ్దాలపాటు ఆ వృత్తిలోనే ఉండి, నూరేళ్లు నిండాక 1944లో మరణించింది. ఈ కేసు మీద జాన్ రోడ్ 1928లో ఒక పుస్తకం రాస్తే, మరుసటి ఏడాది సిడ్నీ నుంచి ప్రచురణకర్తకు సంతకం లేని ఒక పొడవాటి ఉత్తరం వచ్చింది. కాన్‌స్టన్స్ బాల్యం గురించి, సవతి తల్లి పెట్టిన శిక్షల గురించి ఇంట్లో మనిషికి తప్ప తెలియని వివరాలు అందులో ఉన్నాయి. రాసింది ఆమేనని ఈ కేసును పరిశోధించినవారు నమ్ముతారు. హత్య జరిగిన రాత్రి గురించి అందులో కొత్తగా దాదాపు ఏమీ లేదు.